ఎగువరేగడ నుంచి మెరూన్ టోపీ దాకా... ప్రత్యేక దళంలో కొలువు సాగేదిలా

మదనపల్లె: 2021 డిసెంబర్ 8వ తేదీ ఉదయం 11.48 గంటలకు తమిళనాడులోని సూలూరు వైమానిక స్థావరం నుంచి బయలుదేరిన ఎంఐ-17వీ5 హెలికాప్టర్ 12.15కు వెల్లింగ్టన్‌లో దిగవలసి ఉంది. 12.08 ప్రాంతంలో దానితో సంబంధాలు తెగిపోయాయి. కూనూరు సమీపంలో కూలిన ఆ హెలికాప్టర్‌లో త్రిదళాధిపతి జనరల్ బిపిన్ రావత్ దంపతులతో సహా 14 మంది ఉన్నారు. 13 మంది అదే రోజు మరణించగా, తీవ్రంగా గాయపడిన గ్రూప్ కెప్టెన్ వరుణ్ సింగ్ డిసెంబర్ 15న కన్నుమూశారు. మృతుల్లో అప్పటి చిత్తూరు జిల్లా కురబలకోట మండలం ఎగువరేగడకు చెందిన లాన్స్ నాయక్ బి.సాయితేజ ఒకరు. అప్పటికి ఆయన వయసు 27 ఏళ్లు.

రైతు కుటుంబంలో పుట్టిన సాయితేజ ఇరవై ఏళ్లు నిండకముందే గుంటూరులో జరిగిన ఎంపికల ద్వారా సిపాయిగా సైన్యంలో చేరారు. ఆ తర్వాత పారా కమాండో పరీక్షలు నెగ్గి 11వ పారా ప్రత్యేక దళానికి వెళ్లారు. త్రిదళాధిపతి వ్యక్తిగత భద్రతా సిబ్బందిగా ఎంపికయ్యారు. ఆనాటి ప్రయాణంలో 1, 3, 9, 11 పారా ప్రత్యేక దళాలకు చెందిన వారు ఒక్కొక్కరు చొప్పున నలుగురు ఉన్నారు. నలుగురిలో ఎవరూ తిరిగి రాలేదు.

పడమటి మండలాల నుంచి సైన్యంలో చేరినవారు ఎందరో ఉన్నా, ప్రత్యేక దళమంటే ఏమిటో, అందులో ఎదుగుదల ఎలా ఉంటుందో చాలామందికి తెలియవచ్చింది ఆ విషాదం తర్వాతే. క్రికెట్ అభిమానులకు మాత్రం ఆ దళం చిహ్నం అంతకు రెండేళ్ల ముందే కంటపడింది. 2019 ప్రపంచకప్‌లో ధోనీ చేతి తొడుగులపై కనిపించిన రెక్కల బాకు గుర్తు అదే. దాని పేరు ‘బలిదాన్’. అంతర్జాతీయ క్రికెట్ మండలి ఆ గుర్తుకు అనుమతి నిరాకరించడంతో అప్పట్లో పెద్ద చర్చే జరిగింది. ధోనీది పారాచూట్ రెజిమెంటులో గౌరవ లెఫ్టినెంట్ కర్నల్ హోదా.

ఎవరినీ బలవంతంగా పంపరు

ప్రత్యేక దళంలోకి ఎవరినీ ఆదేశంపై పంపరు. సిపాయి అయినా, అధికారి అయినా స్వచ్ఛందంగా ముందుకు రావలసిందే. వచ్చినవారికి నెలల తరబడి పరీక్షాకాలం ఉంటుంది. వీపున బరువుతో గంటల కొద్దీ నడక, నిద్రలేని రాత్రులు, ఆకలి, అలసట, అంతటి స్థితిలోనూ నిర్ణయం తీసుకోగల నిబ్బరం... ఇవన్నీ అక్కడ తూకానికి వస్తాయి. భుజంపై నక్షత్రాలున్నాయని అధికారికి మినహాయింపు లేదు. తట్టుకోలేనివారిని పాత యూనిట్లకు తిప్పి పంపుతారు. అలా వెనక్కి వెళ్లేవారే ఎక్కువ. నిలిచినవారు ఆగ్రాలోని పారాట్రూపర్ల శిక్షణ పాఠశాలలో విమానం నుంచి ఐదుసార్లు దూకాలి. అందులో ఒకటి రాత్రివేళ. మెరూన్ రంగు టోపీ, ‘బలిదాన్’ చిహ్నం దక్కేది ఈ గడపలన్నీ దాటినవారికే. అక్కడితో చదువు ముగియదు. హిమాచల్ ప్రదేశ్‌లోని నాహన్‌లో ప్రత్యేక దళాల శిక్షణ, గుల్మార్గ్‌లో మంచుకొండల యుద్ధం, మిజోరాంలోని వైరెంగ్టేలో అడవి యుద్ధం... ఒకదాని వెంట ఒకటి వస్తూనే ఉంటాయి.

ఈ దళాలకు బీజం 1965 యుద్ధకాలంలో పడింది. మేజర్ మేఘ్ సింగ్ నాయకత్వంలో ఏర్పడిన చిన్న ‘మేఘదూత్’ దళం శత్రుభూభాగంలో దాడులు చేసి సత్తా చాటింది. ఆ అనుభవంతోనే తర్వాత కమాండో బెటాలియన్లు వెలిశాయి. 1971లో 10వ పారా కమాండోలు జీపులపై ఎడారి దాటి సింధ్‌లోని ఛాఛ్రోపై విరుచుకుపడ్డారు. వారిని నడిపించిన లెఫ్టినెంట్ కర్నల్ భవానీ సింగ్ జైపూర్ రాజకుటుంబీకుడు. ఆయనకు మహావీర చక్ర లభించింది.

పదవి పెరిగిన కొద్దీ...

అధికారిగా చేరినవారు లెఫ్టినెంట్‌గా మొదలై రెండేళ్లకు కెప్టెన్, ఆరేళ్లకు మేజర్, 13 ఏళ్లకు లెఫ్టినెంట్ కర్నల్ అవుతారు. ఇంతవరకు సర్వీసు కాలాన్ని బట్టి వచ్చే పదోన్నతులు. ఆపైన దారి ఇరుకు. కర్నల్ హోదాకు ఎంపిక మండలి వడపోత తప్పదు. బెటాలియన్‌కు అధిపతిగా ఉండేది కర్నలే. ఆ హోదాలో 54 ఏళ్లకు, బ్రిగేడియర్‌గా 56కు, మేజర్ జనరల్‌గా 58కి, లెఫ్టినెంట్ జనరల్‌గా 60కి విరమణ.

అయితే ప్రత్యేక దళ అధికారి కొలువంతా ఆ దళంలోనే గడవదు. 21వ పారా ప్రత్యేక దళానికి చెందిన కర్నల్ సంతోష్ మహాదిక్ కశ్మీర్‌లో 41వ రాష్ట్రీయ రైఫిల్స్‌కు నాయకత్వం వహిస్తూ 2015 నవంబర్ 17న కుప్వారా ప్రాంతంలో ఉగ్రవాదులతో పోరాడుతూ అమరులయ్యారు. ఆయన భార్య స్వాతి తర్వాత శిక్షణ పొంది 2017లో సైన్యాధికారిణి అయ్యారు. గల్వాన్‌లో 2020 జూన్‌లో నేలకొరిగిన సూర్యాపేట వాసి కర్నల్ సంతోష్‌బాబు వేరు. పేరు కలిసినందున కొందరు పొరబడుతుంటారు. ఆయన 16వ బిహార్ రెజిమెంటు కమాండింగ్ అధికారి.

ఇంకో మార్పు కూడా ఉంది. 2023 ఆగస్టు 1 నుంచి బ్రిగేడియర్, ఆపై స్థాయి అధికారులందరికీ ఒకే తరహా యూనిఫాం అమలులోకి వచ్చింది. అంటే ప్రాణాలొడ్డి సంపాదించుకున్న మెరూన్ టోపీని ఆ మెట్టు ఎక్కగానే పక్కన పెట్టవలసిందే. అన్ని రెజిమెంట్లనూ సమదృష్టితో చూడవలసిన హోదా కనుక ఈ ఏర్పాటు సబబేననిపిస్తుంది. తీసి పెట్టేవారి మనసు ఎలా ఉంటుందన్నది వేరే మాట. త్రివిధ దళాల ప్రత్యేక బృందాలతో 2019లో ఏర్పడిన ప్రత్యేక కార్యకలాపాల విభాగానికి తొలి అధిపతిగా నియమితులైన మేజర్ జనరల్ ఏ.కె.ధింగ్రా కూడా పారా ప్రత్యేక దళం నుంచి వచ్చినవారే.

కలికిరిలో తొలి మెట్టు

అధికారి కావాలనుకునే పిల్లలకు ఇంటర్ తర్వాత ఎన్‌డీఏ పరీక్ష ముఖ్యమైన దారి. యూపీఎస్సీ దీనిని ఏటా రెండుసార్లు నిర్వహిస్తుంది. ఆ చదువుకు పునాది వేసే సైనిక పాఠశాల కోసం ఒకప్పుడు ఇక్కడి తల్లిదండ్రులు విజయనగరం సమీపంలోని కోరుకొండ దాకా చూడవలసి వచ్చేది. 2014లో కలికిరిలో సైనిక పాఠశాల మొదలైంది. 6, 9 తరగతుల్లో ప్రవేశపరీక్ష ద్వారా చేర్చుకుంటారు. కర్నల్ మహాదిక్ సతారా సైనిక పాఠశాల విద్యార్థి. సంతోష్‌బాబు చదివింది కోరుకొండలోనే. సిపాయిగా చేరినవారికీ తలుపు మూసుకుపోలేదు. అర్హతలుంటే ఆర్మీ క్యాడెట్ కళాశాల ద్వారా అధికారులు కావచ్చు. 2022 జూన్‌లో ప్రకటించిన అగ్నిపథ్ పథకంతో సిపాయి నియామకం నాలుగేళ్లకు పరిమితమైంది. ఆపైన కొనసాగేది గరిష్ఠంగా నాలుగో వంతు మందే. సాయితేజ నడిచిన దారిలో నడవాలనుకునే యువకుడు ఈ లెక్క కూడా చూసుకోవాలి.

కూనూరు ప్రమాదంపై త్రివిధ దళాల విచారణ సంఘం 2022 జనవరిలో ప్రాథమిక నిర్ధారణలు వెల్లడించింది. యాంత్రిక లోపం గానీ, విద్రోహం గానీ లేవని, వాతావరణం అనూహ్యంగా మారి హెలికాప్టర్ మబ్బుల్లో చిక్కుకోవడంతో పైలట్‌కు దిశ తెలియకపోవడమే కారణమని తేల్చింది. భౌతికకాయాలు గుర్తుపట్టలేని స్థితిలో ఉన్నందున సాయితేజను డీఎన్ఏ పరీక్ష ద్వారా నిర్ధారించారు. డిసెంబర్ 12న ఎగువరేగడలో సైనిక లాంఛనాలతో అంత్యక్రియలు జరిగాయి. ఆయనకు భార్య, ఇద్దరు చిన్నపిల్లలు ఉన్నారు. రాష్ట్ర ప్రభుత్వం కుటుంబానికి రూ.50 లక్షల సాయం ప్రకటించింది.