అలెగ్జాండర్ క్లూగె: పైనుంచీ, కిందినుంచీ

యుద్ధం గురించి రాసే రచయిత ఎక్కడ నిలబడి చూడాలి? బాధితుల పక్కన నిలబడితే కన్నీళ్లు కనిపిస్తాయి, కారణాలు కనిపించవు. సేనాని బల్ల దగ్గర నిలబడితే లెక్కలు కనిపిస్తాయి, మనుషులు కనిపించరు. జర్మన్ రచయిత, చలనచిత్ర దర్శకుడు అలెగ్జాండర్ క్లూగె కృషి అంతా ఈ ప్రశ్నతో పెనుగులాటేనని నా అభిప్రాయం.

క్లూగె 1932లో హాల్బర్‌స్టాట్‌లో పుట్టాడు. 1945 ఏప్రిల్ 8న అమెరికన్ విమానాలు ఆ ఊరిని ధ్వంసం చేసినప్పుడు అతనికి 13 ఏళ్లు. న్యాయశాస్త్రం చదివాడు, తత్వవేత్త అడోర్నో ప్రభావంలో ఎదిగాడు. పాత సినిమా చచ్చిపోయిందని 1962లో ఓబర్‌హౌజెన్‌లో 26 మంది చేసిన ప్రకటనలో అతని సంతకమూ ఉంది. అదే ఏడు తొలి కథల సంపుటి వచ్చింది. అందులోని ఒక కథే 1966లో అతని తొలి పూర్తి నిడివి చిత్రమయింది. తూర్పు జర్మనీ నుంచి పశ్చిమానికి వచ్చిన యూదు యువతి అనిత స్వెట్టరు దొంగిలించి కోర్టులో నిలబడుతుంది. న్యాయమూర్తికి కావలసింది స్వెట్టరు సంగతే. ఆమె కుటుంబం నాజీల పాలనలో పడ్డ బాధ కేసుకు సంబంధం లేని విషయం! ఒక సమాజం తన గతాన్ని ఎలా దాటవేస్తుందో ఇంతకంటే సూటిగా చెప్పడం కష్టం.

హాల్బర్‌స్టాట్ దాడి గురించి అతను 1977లో గాని ప్రచురించలేదు. ఆ రచనలో ఒక సినిమాహాలు నిర్వాహకురాలు బాంబులకు కూలిన హాల్లో, మధ్యాహ్నం రెండు గంటల ఆటకు ముందే శిథిలాలు ఊడ్చేయాలని చూస్తుంది. నేలమాళిగలో ఒక ఉపాధ్యాయిని పిల్లల్ని పొదువుకుని ఉంటుంది. మరోచోట విమానదళ అధికారి బాంబులు ఖరీదైన సరుకని, వాటిని వృథా చేయలేమని వివరిస్తాడు. రచయిత ఎవరినీ తిట్టడు. తెల్లజెండా ఎగరేసినా ఆ యంత్రాంగం ఆగదని మనకే అర్థమవుతుంది. ఆ ఉపాధ్యాయినిలాంటి వేలమంది 1918 నుంచే దేశదేశాల్లో పనిచేసి ఉంటేనే ఆ బాంబులు ఆగేవి. నేలమాళిగలో కూర్చున్నాక ఆలోచిస్తే ఆలస్యమైపోయినట్టే.

ఇదే అతని శైలి: పత్రాలు, ఛాయాచిత్రాలు, కల్పిత సంభాషణలు పక్కపక్కన పెట్టి, మధ్య ఖాళీ వదిలేయడం. ఆ ఖాళీని పూరించే పని పాఠకుడిది.

ఈ పద్ధతికి పరిమితి లేకపోలేదు. ఆ ఖాళీని పూరించే తీరికా, చదువూ లేని శ్రామికుడికి అతని చిత్రాలు దూరంగానే ఉంటాయి. 1987లో అతను ప్రైవేటు టెలివిజన్‌లోకి ప్రవేశించి సొంత కార్యక్రమాలకు చోటు సంపాదించాడు. అయినా ఆ దూరం పూర్తిగా తగ్గిందని నేననుకోను.

కాని మనం నేర్చుకోవలసింది ఒకటుంది. ఆగ్రహాన్ని ప్రకటించడంతో రచయిత పని పూర్తికాదు. దుఃఖాన్నీ, దాన్ని తయారుచేసిన యంత్రాంగాన్నీ ఒకే పుటలో చూపించాలి.