మామయ్య మండువా, మా అమ్మ వాటా

కోనసీమలో మా పెద్దమామయ్యది మండువా లోగిలి. నాలుగువైపులా గదులు, మధ్యలో ఆకాశం. ఈమధ్య ఆకాశం వాటా కాస్త ఎక్కువైంది లెండి! పెంకులు జారి, పడమటి వసారాలోంచి కూడా చుక్కలు కనిపిస్తున్నాయి.

మామయ్య చొక్కా జేబులో ఓ చిన్న పుస్తకం. వానొస్తే ఎక్కడెక్కడ కారుతుందో, ఏ గిన్నె ఎక్కడ పెట్టాలో అందులో రాసుంటుంది. వానాకాలంలో పులుసుగిన్నె కావాలంటే అత్తయ్య ఆ పుస్తకం చూసుకోవాల్సిందే. పొద్దున్నే చెరువుగట్టు మీద కోతులకి వేరుశెనక్కాయలు పోసొస్తాడు, పెంకులు పీకకుండా. "జీతాలిచ్చొచ్చాను" అంటాడు. నడవలో ఫ్యాను పెట్టనివ్వడు. దూలానికి మేకు దిగితే తనకి దిగినట్టే.

అంతా పిచ్చి అనడానికీ లేదు. సిమెంటు వద్దనడంలో న్యాయం ఉంది. అవి గానుగ సున్నంతో కట్టిన గోడలు. సున్నం చెమ్మని పీల్చి మళ్లీ బయటికి వదిలేస్తుంది. దానిమీద సిమెంటు పూస్తే చెమ్మ లోపలే నిలిచి, ఉప్పు పొంగి, గోడ పెచ్చులూడిపోతుంది. సున్నం పని తెలిసిన మేస్త్రీ కోసం మామయ్య మూడు మండలాలు తిరిగాడు.

1996 నవంబరు తుపాను రాత్రి, కొబ్బరిచెట్లు విరిగిపడుతుంటే, చుట్టుపక్కల పాకలవాళ్లంతా ఈ వసారాల్లోనే తలదాచుకున్నారు. నాకప్పుడు పదేళ్లు. అత్తయ్య గంజి కాస్తుంటే నేను గ్లాసులు అందించాను.

ఇల్లు నిలబెట్టింది మామయ్యే అంటారు ఊళ్లో. పదకొండు గదులూ ఊడ్చేదెవరని ఎవరూ అడగరు. అత్తయ్యకి డెబ్బై దాటాయి, మోకాళ్లు సహకరించవు. "స్తంభాలు మీ మామయ్యవే, వాటిమీద దుమ్మే నాది" అని నవ్వింది. నేను నవ్వలేకపోయాను.

ఈమధ్య టేకు స్తంభాలకీ, చెక్కిన ద్వారబంధాలకీ బేరగాళ్లు వస్తున్నారు. అమ్మేద్దామంటారు సిటీలో ఉన్న బావలు. దానికి మా అమ్మ సంతకం కావాలి. ఆంధ్రప్రదేశ్‌లో 1985లోనే ఆడపిల్లలకి పిత్రార్జితంలో సమాన హక్కు వచ్చింది గానీ, అప్పటికే పెళ్లయినవాళ్లకి రాలేదు. అమ్మ పెళ్లి 1983లో! 2005లో కేంద్రం చట్టం సవరించాక ఆ అడ్డు తొలగింది. మాది పంపకాలు కాని ఇల్లు.

మొన్న వేసవిలో అందరం కూడాం. బావలు కాగితాలు తీశారు. అమ్మ ముట్టుకోలేదు.

"అమ్మడానికీ పెట్టను, హక్కు వదులుకోడానికీ పెట్టను. నేను పుట్టిన ఆ పురిటిగది నాకియ్యి అన్నయ్యా, చాలు."

మామయ్య భోజనమైనంతసేపూ మాట్లాడలేదు. సాయంత్రం గుత్తిలోంచి ఓ తాళంచెవి తీసి అమ్మ చేతిలో పెట్టాడు. తరవాత జేబులోంచి పుస్తకం తీశాడు.

"ఆ గదిలో రెండుచోట్ల కారుతుంది. గిన్నెలు నువ్వే తెచ్చుకో."

మర్నాడే అమ్మ అమలాపురం వెళ్లి రెండు సత్తుగిన్నెలు కొంది. వాటితోపాటు ఓ కొత్త చీపురు కూడా. గిన్నెలు గదిలో పెట్టుకుని, చీపురు మాత్రం మామయ్య చేతికిచ్చింది. ఆయన దాన్ని అటూ ఇటూ తిప్పి చూస్తుంటే, వంటింటి గుమ్మంలో అత్తయ్య కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది.