గుడ్ల మీదున్న చేపకి మందు వెయ్యొచ్చా?

చేప పేను వీడియో చూసినవాళ్ళు ఎక్కువగా అడుగుతున్నది ఒకటే: "గుడ్ల మీదున్న బొచ్చెకి ఏ మందు వెయ్యాలి?" ఆ టైములో ఏదీ వెయ్యకపోవడమే మంచిది. బొచ్చె, శీలావతి, ఎర్రమోసు వానలతో పాటు జూన్, జూలైల్లో గుడ్లు పెడతాయి. అప్పుడు వల లాగి, మందులో ముంచి బెదరగొడితే గుడ్లు పొట్టలోనే కరిగిపోవచ్చు. అందుకే మందు పని ఫిబ్రవరి, మార్చిలోనే ముగించుకోవాలి.

పేనుకి చాలామంది పశువుల పిడుదుల మందు చెరువులో పోసేస్తున్నారు. ఆ మందుల్లో చాలావాటికి చేపే తట్టుకోలేదు. ఇంకో సంగతి ఉంది. పేను రొయ్య జాతి పురుగు. దాన్ని చంపే మందు నీళ్ళలో ఉండే అదే జాతి సన్న పురుగుల్నీ చంపేస్తుంది. బొచ్చె బతికేది వాటి మీదే. గుడ్లు కట్టే రోజుల్లోనే తల్లికి తిండి లేకుండా చేసినట్టు!

మందు లేని దారి ఉంది. పేను గట్టి వస్తువుల మీద గుడ్లు పెడుతుంది. చెరువులో అక్కడక్కడా వెదురు బొంగులు పాతి, వారానికోసారి పీకి ఎండలో బాగా ఎండబెట్టండి. ఒక్కరోజులో ఫలితం రాదు, రెండు మూడు నెలలు ఓపిక పట్టాలి.

మనవాళ్ళలో ఇంకో అపోహ ఉంది: ఆకు కషాయమైతే ఎంత పోసినా పరవాలేదని. ఇప్పపిండి కూడా చెట్టు నుంచి వచ్చిందే కదా! చెరువు ఖాళీ చెయ్యడానికి వాడేది దాన్నే. అందులోని సాపోనిన్ మొప్పల్ని దెబ్బతీస్తుంది. వేప నూనె, వేప కషాయం కూడా మోతాదు దాటితే చేపకి విషమే. చేనుకి కొట్టే కషాయాన్ని తల్లి చేపల తొట్టిలో పోయకండి.

కొత్తగా తెచ్చిన తల్లి చేపకి నేను నమ్మేది ఉప్పు నీళ్ళనే. ప్లాస్టిక్ తొట్టిలో 100 లీటర్ల నీళ్ళకి 2 కిలోల ఉప్పు పూర్తిగా కరిగించి, రెండు మూడు నిమిషాలు ఉంచాలి. చేప పక్కకి ఒరిగితే టైముతో పని లేదు, వెంటనే తీసెయ్యాలి. సముద్రపు చేపకి దీనికి తిరగేసి చేస్తారు. మన విశాఖలో కేంద్ర సముద్ర మత్స్య పరిశోధన సంస్థ కేంద్రం పొంపనో, గ్రూపర్ చేపల్ని తొట్టెల్లోనే గుడ్లు పెట్టించింది. అలాంటి ఉప్పునీటి చేపల ఒంటి మీది పరాన్నజీవులకి మంచినీటి స్నానమే మందు.

చెరువులో వెయ్యాల్సి వస్తే మాత్రం లెక్క కట్టాకే. ఒక పీపీఎం అంటే 1000 లీటర్లకి ఒక గ్రాము. ఎకరం చెరువులో మీటరు లోతు నీళ్ళుంటే దాదాపు 40 లక్షల లీటర్లు, అంటే ఒక పీపీఎంకి 4 కిలోలు. కంటి అంచనాతో లోతు చెప్పొద్దు, నాలుగు చోట్ల కర్ర దింపి కొలవండి. పర్మాంగనేటుని ఫార్మలిన్‌తో ఎప్పుడూ కలపకండి, ప్రమాదం.

మలాకైట్ గ్రీన్, క్లోరాంఫెనికాల్, నైట్రోఫ్యూరాన్లు తినే చేపలకి నిషేధం. తల్లి చేపని ఎలాగూ అమ్మం కదా అనుకోవద్దు, గుడ్లు అయ్యాక అదీ బజారుకే వెళ్తుంది. పుండ్లు కనిపిస్తే బతికున్న చేపనే మత్స్యశాఖ వాళ్ళకి చూపించి, వాళ్ళు చెప్పాకే మందు కొనండి. తొట్టి కొలతల లెక్క వీడియో చివర్లో చూపించాను.