ముల్లు దిగితే ఏం చేయాలి?

కంప కొట్టేటప్పుడు, గొర్రెల వెంట వెళ్లేటప్పుడు ముల్లు గుచ్చుకోవడం మన పల్లెల్లో రోజూ ఉండేదే. అందుకే చాలామంది దాన్ని గాయంగా లెక్కపెట్టరు. సర్కారు తుమ్మ ముల్లు హవాయి చెప్పును కూడా దాటి అరికాలిలో దిగుతుంది. పైకి కనిపించేది సూదిమొనంత రంధ్రమే. కానీ మట్టిలో, పేడలో ఉండే క్రిములు ముల్లుతోపాటు లోతుగా పోతాయి. గాలి తగలని అలాంటి చోటే ధనుర్వాతం క్రిమి పెరుగుతుంది.

ముందుగా చేతులు కడుక్కుని, గాయాన్ని సబ్బుతో, ధారగా పడే నీటితో ఐదు నిమిషాలు కడగండి. ముల్లు పైకి కనిపిస్తుంటే, నీటిలో మరిగించిన చిన్న పట్టకారుతో, దిగిన దారినే మెల్లగా లాగండి. మొన విరగకుండా వచ్చిందో లేదో వెలుతురులో చూడండి. పిన్నీసుతో కెలకవద్దు, పిండవద్దు. జిల్లేడు పాలు ముల్లును పైకి తెస్తాయని పెద్దలు అంటారు. మేము చూసింది మాత్రం పొక్కిన చర్మాన్ని, అదే చేతితో నులుముకున్న ఎర్రటి కళ్లనే.

టీటీ స్థానంలో ఇప్పుడు టీడీ ఇంజెక్షన్ ఇస్తున్నారు. ప్రతి ముల్లుకూ అది అక్కర్లేదు. లోతైన, మురికి గాయమై, చివరి ఇంజెక్షన్ వేయించుకుని 5 సంవత్సరాలు దాటితే, లేదా ఎప్పుడు వేయించుకున్నారో గుర్తు లేకపోతే రావాలి. 24 గంటలు దాటితే లాభం లేదని కొందరు ఇంట్లోనే ఉండిపోతారు. అది పొరపాటు, ఆలస్యమైనా రండి. ధనుర్వాతం సాధారణంగా 3 నుండి 21 రోజుల్లో బయటపడుతుంది. దవడలు బిగుసుకుపోతే ఒక్క గంట కూడా ఆగవద్దు.

ఈత ముల్లు మోకాలి దగ్గరో, వేలి కణుపు దగ్గరో దిగితే లోపల మిగిలిన ముక్క వల్ల వారాలు, నెలల తర్వాత కూడా కీలు వాయవచ్చు. ముల్లు సాధారణంగా ఎక్స్‌రేలో కనబడదు, స్కానింగ్ చేయవలసి వస్తుంది. కాబట్టి పాత ముల్లు సంగతి డాక్టరుగారికి మీరే చెప్పండి. కంట్లో దిగితే మాత్రం లాగవద్దు. కన్ను నొక్కుకుపోకుండా కాగితపు గ్లాసు అడ్డుపెట్టి వెంటనే తీసుకురండి.

షుగరు ఉన్నవారి సంగతి వేరు. ఒక పెద్దాయన, చెప్పు ఒరుసుకుని పుండయిందంటూ మా దగ్గరకు వచ్చారు. కడిగి చూస్తే విరిగిన తుమ్మ ముల్లు. ఎన్నాళ్లుగా దాని మీద నడుస్తున్నారో ఆయనకే తెలియదు. "నొప్పే లేదమ్మా" అన్నారు. చివరకు ఆ వేలు తీసేయవలసి వచ్చింది. పాదాల్లో స్పర్శ తగ్గినవారికి నొప్పి తెలియదు. అందుచేత రోజూ పడుకునే ముందు కాళ్లు కడిగి, అరికాళ్లు అద్దంలో చూసుకోండి. చూపు ఆనకపోతే మనవడినో మనవరాలినో పిలిచి చూపించుకోండి.