స్లో జిన్: ముళ్ళకంచెల వగరు పండు, దాని ఊట వెనుకనున్న శాస్త్రం

అక్టోబరు మాసంలో ఇంగ్లండు పల్లెబాటల వెంట షికారుకు వెళ్ళే తెలుగు కుటుంబాలకు ఒక దృశ్యం తరచు ఎదురవుతుంది. పొలాల గట్లపై ఏపుగా పెరిగిన ముళ్ళకంచెలలో, సగం ఆకులు రాలిన కొమ్మలకు, నీలి నలుపు రంగు చిన్న పండ్లు అంటిపెట్టుకొని ఉంటాయి. వాటిపై విభూతి అద్దినట్లు తెల్లని పొడి. చూడగానే ఎవరికైనా నేరేడు పండ్లు జ్ఞాపకం వస్తాయి. ఆ భ్రమలో ఒకటి కోసి నోట వేసుకొన్నవారికి మాత్రం రెండవది కోయవలెనన్న కోరిక కలుగదు. నాలుక మొద్దుబారి, బుగ్గలు లోపలికి లాగినట్లయి, నోరంతా ఎండిపోతుంది. నేరేడు వగరు దీని ముందు ఏపాటిది!

ఆ పండు పేరు స్లో. అది కాచే పొదను బ్లాక్‌థార్న్ అంటారు. శాస్త్రీయ నామం ప్రూనస్ స్పైనోసా. నేరేడుకు దీనికి చుట్టరికం ఏమీ లేదు. ఇది ప్లమ్, చెర్రీ, బాదం జాతుల కుటుంబానికి చెందినది. మార్చి, ఏప్రిల్ నెలలలో ఆకులకంటె ముందు తెల్లని పూలు పూసి, శరదృతువులో పండుతుంది. దట్టంగా, ముళ్ళతో పెరుగుతుంది కనుక పశువులను ఆపడానికి బ్రిటన్ రైతులు దీనిని కంచెలుగా పెంచినారు. ఐరోపాలో మానవునికి ఈ పండుతో పరిచయం చాల పాతది. ఆల్ప్స్ పర్వతాల మంచులో 1991లో బయటపడిన, సుమారు 5300 సంవత్సరాల నాటి మంచుమనిషి దేహం వద్ద కూడ స్లో పండు లభించినది. అంత వగరు పండును అతడు ఎట్లు తిన్నాడో!

నేటి బ్రిటన్ గృహాలలో ఈ పండుకు ఉన్న ప్రధానోపయోగం ఒక్కటే: జిన్‌లో పంచదారతో పాటు ఊరవేసి, కెంపురంగు తియ్యని పానీయం తయారుచేయడం. దానినే స్లో జిన్ అంటారు. ఉచ్చారణలో 'నెమ్మది' అన్న అర్థమిచ్చే ఆంగ్లపదం కూడ ఇదే కావడం కాకతాళీయమే అయినా, మూడు నెలలు ఊరవలసిన పానీయానికి ఆ పేరు చక్కగా అమరినది. క్రిస్మస్ దినాలలో పొరుగింటి ఆంగ్లేయ దంపతులు చేతివ్రాత చీటీ అంటించిన చిన్న సీసా ఒకటి తెచ్చి ఇవ్వడం ఈ దేశంలో ఆదరానికి చిహ్నం. తెలుగు ఇంటిలో ఆ సీసా ఒక చిన్న సమస్యగా మారడం కూడ కద్దు. ఇంటిలో చేసినది కదా, ఇది పండ్లరసమా, సారాయా? పిల్లలకు అందే చోట ఉంచవచ్చునా? ఇంటిలో మద్యం చేయడం చట్టవిరుద్ధం కాదా?

ఈ సందేహాలకు కారణం లేకపోలేదు. 1992లో నెల్లూరు జిల్లా దూబగుంటలో స్త్రీలు ప్రారంభించిన సారా వ్యతిరేకోద్యమం, 1993 అక్టోబరులో రాష్ట్రమంతటా సారా నిషేధం, 1995లో సంపూర్ణ మద్యనిషేధం, 1997లో దాని సడలింపు – ఇవన్నీ చూసిన తరానికి 'ఇంటి సారా' అన్న మాటే భయం గొలుపుతుంది. అందువలన ముందుగా మూడు వేర్వేరు ప్రక్రియలను విడదీసి చూడవలెను.

మొదటిది కిణ్వ ప్రక్రియ. ఈస్ట్ అనే సూక్ష్మజీవి చక్కెరను ఆల్కహాలుగా, బొగ్గుపులుసు వాయువుగా మారుస్తుంది. కల్లు, ద్రాక్షసారాయం ఇట్లు తయారైనవే. ఆయుర్వేదంలోని ఆసవాలు, అరిష్టాలు కూడ ఈ కోవకు చెందినవే. రెండవది స్వేదనం. పులిసిన ద్రవాన్ని కాచి, ఆవిరిని చల్లార్చి, ఆల్కహాలును గాఢం చేయడం. కాపుసారా ఇదే. ఇంటిలో దీనిని అనుజ్ఞాపత్రం లేకుండ చేయడం బ్రిటన్‌లో నేరం. మూడవది ఊరవేయడం. ఇందులో కొత్తగా ఆల్కహాలు పుట్టదు. పన్ను చెల్లించి దుకాణంలో కొన్న మద్యంలోనికి పండు తన సారాన్ని వదలుతుంది, అంతే. స్లో జిన్ ఈ మూడవ తరగతిది. సొంత వాడకానికి, స్నేహితులకు ఇచ్చుకొనడానికి చేసుకొంటే తప్పులేదు. విక్రయానికి మాత్రం అనుమతులు కావలెను. మద్యం ముట్టని ఇండ్లలో సైతం కేకులకై ఉంచుకొనే వెనిలా ఎక్స్‌ట్రాక్ట్ ఈ పద్ధతిలోనే, వెనిలా కాయలను ఆల్కహాలులో నానబెట్టి తీసినదని చాలమంది గమనించరు.

ఇక పండు విషయం. ఆరు రుచులలో వగరుకు తెలుగువారు ప్రత్యేక స్థానమిచ్చి, ఉగాది పచ్చడిలో సైతం దానిని చేర్చుకొన్నారు. అయితే నేటి శాస్త్రజ్ఞులలో అనేకులు వగరును రుచిగా కాక స్పర్శగా భావిస్తున్నారు. స్లో పండులో టానిన్లు అనే పదార్థాలు అధికం. ఇవి లాలాజలంలోని ప్రోటీనులతో బంధించుకొని వాటిని ముద్దకట్టిస్తాయి. నోటికి నునుపునిచ్చే జారుడు పొర పోవడంతో నాలుక, బుగ్గలు ఒకదానికొకటి గరుకుగా రాచుకొంటాయి. అదే వగరు. చిక్కని టీ త్రాగినపుడు నోరు పట్టుకొనడానికి మూలం కూడ ఈ టానిన్లే.

తయారీకి కావలసినవి మూడే: 450 గ్రాముల పండ్లు, 225 గ్రాముల పంచదార, 700 మిల్లీలీటర్ల జిన్ సీసా ఒకటి. ఖరీదైన జిన్ అనవసరం. స్లో వాసన ముందు దాని సూక్ష్మ పరిమళాలు నిలువవు. తొలి మంచు పడిన తరువాతనే పండ్లు కోయవలెనని పాతకాలపువారు చెబుతారు. ఇందులో అర్థమున్నది. పండు గడ్డకట్టినపుడు కణాలలోని నీరు మంచుపలుకులుగా మారి కణకవచాలను చీలుస్తుంది. రసం సులభంగా బయటకు వస్తుంది. అయితే మంచుకై ఎదురుచూస్తూ కూర్చొంటే పక్షులు మిగల్చవు. కోసి, కడిగి, తుడిచి, ఒక రాత్రి ఫ్రీజరులో ఉంచితే అదే ఫలితం లభిస్తుంది. ఒక్కొక్క పండును సూదితో పొడిచే ఓపిక ఉన్నవారు ఆ పనీ చేయవచ్చు.

మూత బిగువైన పెద్ద గాజుసీసాలో పండ్లు, పంచదార, జిన్ వేసి, వెలుతురు సోకని అలమారలో ఉంచవలెను. ఊరగాయ జాడీ వాడుదామనిపించవచ్చు కాని అది మంచిది కాదు. ఆవనూనె వాసన మాట అటుంచి, కొన్ని పాత జాడీల పూతలో సీసపు లోహం ఉండవచ్చు. ఆమ్లం, ఆల్కహాలు కలిసి దానిని కరిగించగలవు. మొదటి వారం దినమునకొకసారి, పిదప వారమునకొకసారి సీసాను కుదుపవలెను.

సీసాలో జరిగేది మాగాయ పెట్టిన గృహిణికి తెలిసిన పనే. తరిగిన మామిడి ముక్కలపై ఉప్పు చల్లగా ఒక్క రాత్రిలో ఊట దిగుతుంది. వెలుపలి గాఢత ఎక్కువ కావడంతో కణత్వచం గుండా నీరు బయటకు వస్తుంది. దీనికి ద్రవాభిసరణం అని పేరు. పంచదార చేసే పని కూడ ఇదే. అయితే స్లో జిన్‌లో మరొక శక్తి ప్రవేశిస్తుంది. కణత్వచం కొవ్వుపదార్థాలతో కూడిన సున్నితమైన పొర. 40 శాతం ఆల్కహాలు దానిని ఛిన్నాభిన్నం చేస్తుంది. పొర నశించిన పిదప ద్రవాభిసరణం ఉండదు. రంగు, ఆమ్లాలు, టానిన్లు, పంచదార అన్నీ గాఢత ఎక్కువైన చోటినుండి తక్కువైన చోటికి స్వేచ్ఛగా వ్యాపిస్తాయి. ఆల్కహాలు పండులోనికి, సారం జిన్‌లోనికి. కొన్ని వారాలకు లోపల, వెలుపల దాదాపు సమానమవుతుంది. తోలులోని ఆంథోసయనిన్లనే వర్ణకాలు పుల్లని ద్రవంలో ఎర్రగా కనబడతాయి. నీలినలుపు పండు నుండి కెంపురంగు రావడానికి కారణమిదే. వెలుతురు, గాలి సోకితే ఈ వర్ణకాలు గోధుమరంగుకు తిరుగుతాయి.

పంచదార ముందే వేయవలెనా, చివర వేయవలెనా అన్న వాదం ఆంగ్ల పల్లెలలో తెగనిది. ఆవకాయలో వెల్లుల్లి గురించిన వాదం వంటిది. పండ్ల తీపి ఏటేటా మారుతుంది కనుక మొదట సగం వేసి, వడగట్టిన తరువాత రుచి చూచి తక్కినది కలపడమే వివేకం.

ఇక్కడ చిన్న లెక్క ఒకటి అవసరం. 40 శాతం జిన్ 700 మిల్లీలీటర్లలో ఆల్కహాలు 280 మిల్లీలీటర్లు. పండ్ల బరువులో ఐదింట నాలుగు వంతులు నీరనుకొంటే అది 360 మిల్లీలీటర్లు. కరిగిన పంచదార దాదాపు 140 మిల్లీలీటర్ల చోటు ఆక్రమిస్తుంది. మొత్తం 1200. అనగా తయారైన పానీయంలో ఆల్కహాలు సుమారు 23 శాతం. దుకాణాలలో స్లో జిన్ పేరుతో అమ్మే దానికి చట్టం నిర్ణయించిన కనీసం 25 శాతం. ఇంటిది దానికి కొంచెం తక్కువ. అయినా ఈస్ట్, బూజు బ్రతుకజాలనంత గాఢతే.

ఇదే లెక్కను మరొక పండుకు వేస్తే చిక్కు తెలుస్తుంది. జూన్‌లో చవకగా దొరికే స్ట్రాబెరీలు ఒక కిలో, 37.5 శాతం వోడ్కా ఒక సీసా తీసుకొన్నారనుకొందాము. పండ్లలో తొమ్మిది వందల మిల్లీలీటర్ల వరకు నీరున్నది. పంచదార కలిపిన పిదప ఆల్కహాలు 15 శాతానికి దిగిపోతుంది. ద్రాక్షసారాయంలో బ్రతికే మొండి ఈస్ట్‌లు ఈ గాఢతను తట్టుకొనగలవు. బిగించిన సీసాలో అవి పనిచేయడం మొదలుపెడితే వాయువు పెరిగి గాజు పగిలే ప్రమాదమున్నది. మద్యంలో వేసినది ఏదైనా చెడదన్న నమ్మకం సరికాదు. నీటిపండ్లకు పండు తగ్గించడమో, మద్యం పెంచడమో చేసి 20 శాతానికి పైన నిలుపుకొనవలెను. పండు ముక్కలు ద్రవంలో మునిగి ఉండడమూ ముఖ్యమే. నూనె పైకి తేలిన ఆవకాయ ముక్కకు పట్టే గతి అందరికీ తెలిసినదే.

స్లో గింజలో అమిగ్డలిన్ అనే పదార్థం కలదు. గింజ నలిగినపుడు ఎంజైములు దానిని విడగొట్టగా గ్లూకోజు, చేదుబాదం వాసననిచ్చే బెంజాల్డిహైడు, వీటితో పాటు విషమైన హైడ్రోజన్ సయనైడు వెలువడతాయి. పానీయంలోని లేత బాదం పరిమళం గింజ చలవే. గింజలు చెక్కుచెదరకుండ ఉన్నంతవరకు వెలువడే సయనైడు స్వల్పం. కనుక పండ్లను మిక్సీలో వేయరాదు, రోటిలో దంచరాదు. ఆ సయనైడు ఆల్కహాలుతో చర్య జరిపి ఇథైల్ కార్బమేట్ అనే హానికర పదార్థంగా మారడానికి వెలుతురు తోడ్పడుతుంది. చీకటి అలమార సూచన కేవలం రంగు కోసమే కాదు. మూడు నెలలు కాగానే శుభ్రమైన పలుచని గుడ్డలో వడగట్టి, పండ్లు తీసివేయడం మంచిది.

కోతకు వెళ్ళేవారికి రెండు మాటలు. ఇంగ్లండు, వేల్స్‌లలో అడవి మొక్కల నుండి సొంత వాడకానికి పండ్లు కోయడం దొంగతనం కాదని 1968 నాటి చట్టం చెబుతున్నది. అమ్మకానికి కోస్తే మాటవేరు. ఇతరుల పొలంలోనికి చొరబడడానికి మాత్రం అది అనుమతి కాదు. నల్లని పండ్లన్నీ స్లోలు కావు. బెల్లడోనా కాయలు నల్లగా నిగనిగలాడుతూ ప్రాణం తీయగలవు. స్లో పొదకు గట్టి ముళ్ళు, పండుపై తుడిస్తే పోయే తెల్లని పొడి, లోపల ఒకే గట్టి గింజ ఉంటాయి. ఈ మూడింటిలో ఏ ఒక్కటి కనబడకున్నా వదలివేయవలెను. బ్లాక్‌థార్న్ ముల్లు విరిగి కీలులో చిక్కుకొంటే వాపు వారాల తరబడి వేధించగలదు. మందపాటి చేతితొడుగులు తప్పనిసరి.

అన్నిటికంటె జాగ్రత్త వహించవలసినది ఇంటిలోని పసివారి విషయంలో. ఎర్రగా, తియ్యగా ఉండే ఈ ద్రవం పిల్లల కంటికి రోజామిల్కు షర్బతు వలె కనబడుతుంది. చిన్నపిల్లలలో ఆల్కహాలు రక్తంలోని చక్కెరను ప్రమాదకరంగా పడవేయగలదు. మగతతో మొదలై మూర్ఛకు దారితీయవచ్చు. సీసాపై పేరు, తేదీ స్పష్టంగా వ్రాసి, తాళం పడే చోట ఉంచవలెను. వడగట్టిన పండ్లలో కూడ పానీయంలో ఉన్నంత ఆల్కహాలు నిలిచి ఉంటుంది. వాటిని చాక్లెట్ పూసి మిఠాయిగా అందించే అలవాటు ఇక్కడ కొందరికి ఉన్నది. పిల్లలున్న పళ్ళెంలో అది చేరరాదు. పెద్దలకు సైతం తీపి మోసగించగలదు. 25 మిల్లీలీటర్ల చిన్న గ్లాసులో ఆల్కహాలు 6 మిల్లీలీటర్లకు దగ్గరగా ఉంటుంది. బ్రిటన్ వైద్యాధికారులు 2016లో ఇచ్చిన సలహా ప్రకారం వారానికి మించరాని 140 మిల్లీలీటర్ల శుద్ధ ఆల్కహాలులో దీనిని కూడ లెక్క కట్టుకొనవలెను. గర్భిణులకు అసలు వద్దన్నది అదే సలహా.

మద్యం గడప తొక్కని ఇండ్లవారు ఈ పండును వదలుకొనవలసిన పని లేదు. స్లోలను, వాటికి సమానంగా పుల్లని ఆపిలు ముక్కలను మునిగేటంత నీటిలో మెత్తబడేవరకు ఉడికించి, గుడ్డలో వేసి రాత్రంతా వ్రేలాడదీసి, పిండకుండ దిగిన రసానికి కొలతకు కొలత పంచదార చేర్చి కాచితే ముదురు ఎరుపు జెల్లీ తయారవుతుంది. గడ్డకట్టడానికి కావలసిన పెక్టిన్‌ను ఆపిలు సమకూరుస్తుంది. వగరు పూర్తిగా పోదు. పెసరట్టులోనికి అల్లపచ్చడి లేని నాడు దీనిని నంజుకొన్నా బాగుంటుంది.