పుట్టలో పాలు, పొలంలో పాము

కార్తిక శుద్ధ చవితి నాడు తెల్లారేసరికి బందరు, గుడివాడ, దివిసీమ పొలంగట్ల మీద పుట్టల దగ్గర జనమే జనం. చలిమిడి, చిమ్మిలి, కోడిగుడ్లు, ఆవుపాలు. ఆ భక్తితో ఎవరికీ పేచీ లేదు. పాము గురించి చెప్పుకునే మాటలే ప్రాణాల మీదకు తెస్తున్నాయి.

పాము పాలు తాగదు. పాలు అరిగించుకునే శక్తి దాని ఒంట్లో లేదు. పాములవాడి బుట్టలో పాము తాగిందంటే, రోజుల తరబడి నీళ్లివ్వక ఎండగట్టినందుకే. పుట్ట కట్టేదీ పాము కాదు, చెదలు. మొగలిపొదలో పాము కనబడేది పూల వాసనకు కాదు. అక్కడ నీడ, కప్పలు, ఎలుకలు దొరుకుతాయి గనుక. పగబట్టడం సినిమాల్లోనే.

నాగుపాము, జెర్రిపోతు జతకడతాయనీ, మీద కొత్తగుడ్డ కప్పితే కలిసొస్తుందనీ నమ్మకం. ఒంటికి ఒళ్లు మెలేసుకుని, తలలు పైకెత్తి, ఒకదాని తల ఇంకొకటి నేలకు వంచాలని చూస్తుంటాయి. చాలాసార్లు ఆ రెండూ మగ జెర్రిపోతులే, అది కుస్తీ. కరుచుకోవడం అరుదు. ఓడింది పక్కకు జారుకుంటుంది. జెర్రిపోతుకు విషం లేదు. దాన్ని కర్రతో కొట్టి చంపితే వరిచేను ఎలుకల పాలు చేసినట్టే.

2018 ఆగస్టులో దివిసీమలో పాముకాట్లు పెరిగి, మోపిదేవి సుబ్రహ్మణ్యేశ్వరుడి గుడిలో సర్పశాంతి యాగం చేశారు. పాముచుట్టల పీఠం మీద లింగరూపంలో వెలసిన స్వామి. భయపడ్డ జనం అక్కడికి పోవడం సహజం. కాటు పడ్డాక మంత్రగాడి దగ్గర కూర్చోవడమే ప్రమాదం. మంత్రంతో తగ్గిందంటే కరిచింది విషంలేని పామో, విషం దిగని కాటో అయ్యుండాలి. కట్లపాము నేలమీద నిద్రపోయేవాళ్లను రాత్రిపూట కరుస్తుంది. నొప్పి ఉండదు. తెల్లారేసరికి రెప్పలు వాలి, మాట ముద్దయి, ఊపిరి అందదు. రక్తపింజర కాటుకు వాపు వస్తుంది, రక్తం గడ్డకట్టదు.

కోసి రక్తం తీయకండి, బిగించి కట్టకండి. పామును చంపి ఆసుపత్రికి మోసుకెళ్లే పని లేదు: మన దగ్గరి విరుగుడు మందు నాగుపాము, కట్లపాము, రక్తపింజర, చిన్నపింజర నాలుగింటికీ ఒకటే. కరిచిన కాలో చెయ్యో కదలనివ్వకుండా వెంటనే బండెక్కించండి. రాత్రి చేనుకు వెళ్లేవాళ్లకు బూట్లు, టార్చి ఉండాలి. నేలమీద పడుకుంటే దోమతెర అంచులు పక్క కిందకు దోపుకోవాలి.