మల్లేశం తల్లి వేషం కట్టిన ఝాన్సీ
ఇటు కెమెరా ముందు, అటు ఆడపిల్లల ఫిర్యాదుల ముందు

ఆలేరు, పోచంపల్లి వైపు ఆసు పోసిన తల్లుల్ని పని గురించి అడిగితే ముందు భుజం పట్టుకుంటారు. ఒక్క చీరకు చెయ్యి అటూ ఇటూ దాదాపు 9 వేల సార్లు ఆడించాలి. రోజుకు రెండు చీరలైతే 18 వేల సార్లు. ఆ నొప్పిని 2019లో సినిమా తెర మీదికి తెచ్చిన నటి ఝాన్సీ. టీవీ పెట్టె ఉన్న ఇళ్లలో ఆమెను ఎరగని వారు తక్కువే.

ఆ సినిమా పేరు 'మల్లేశం'. ఆలేరు మండలం శారాజీపేటకు చెందిన చింతకింది మల్లేశం కథ అది. చదివింది ఆరో తరగతి. తల్లి లక్ష్మి పడే అవస్థ చూడలేక ఆసు యంత్రం తయారు చేయాలని కూర్చుని, అప్పులు చేసి, నలుగురి చేత పిచ్చివాడనిపించుకుని, ఏళ్ల తరబడి తంటాలు పడి 1999లో సాధించారు. 2017లో పద్మశ్రీ వచ్చింది. రాజ్ రాచకొండ దర్శకత్వం వహించిన ఈ చిత్రంలో మల్లేశంగా ప్రియదర్శి, భార్యగా అనన్య నాగళ్ల, తల్లి లక్ష్మిగా ఝాన్సీ నటించారు.

మన సినిమాల్లో తల్లి వేషమంటే హారతి పళ్లెం, రెండు కన్నీటి బొట్లు. ఇక్కడ అలా కుదరదు. చెయ్యి ఆడుతూనే ఉండాలి, మాట నడుస్తూనే ఉండాలి. అంతకు ముందు ఝాన్సీ అంటే జనానికి గలగలా మాట్లాడే మనిషి, నవ్వించే మనిషి. 'సింహా' చిత్రానికి 2010 సంవత్సరపు నంది పురస్కారం కూడా హాస్యనటిగానే వచ్చింది. అలాంటి ఆమెకు నేతపని ఇంటి తల్లి వేషం ఇవ్వాలని తోచిన వారిని మెచ్చుకోవాలి. వేషానికి తగిన మనిషిని వెతకడమన్నది నటనకు తీసిపోని విద్య.

ఆమె పెరిగిన రంగం టెలివిజన్. టీవీ మన పల్లెలకు మరీ కొత్తదేమీ కాదు. 1975-76లో ఉపగ్రహం ద్వారా ఆరు రాష్ట్రాల్లో 2,400 గ్రామాలకు కార్యక్రమాలు పంపినప్పుడు అందులో ఆంధ్రప్రదేశ్ పల్లెలు కూడా ఉన్నాయి. 1977 అక్టోబరు 23న హైదరాబాద్ దూరదర్శన్ కేంద్రం ప్రారంభమైంది. 1983 నవంబరు 14న శాంతిస్వరూప్ తొలి తెలుగు వార్తలు చదివారు. 1995లో జెమిని, ఈటీవీ రావడంతో ఒక్కసారిగా వందల గంటల కార్యక్రమాలు కావలసి వచ్చాయి. మాట స్పష్టంగా ఉండి, జనం ముందు తడబడని ఆడపిల్లలకు అప్పుడే దారి దొరికింది. ఆ దారిలో పైకి వచ్చిన తరం ఝాన్సీది. తర్వాత టీవీ9లో మహిళల కోసం వచ్చిన 'నవీన' కార్యక్రమాన్ని ఆమె నడిపారు. ఇంట్లో ఆడవాళ్ల సంగతులు బయటికి మాట్లాడుకోవచ్చునన్న ధైర్యం అలాంటి కార్యక్రమాల వల్ల కొంత వచ్చింది.

ఇదంతా తెర మీది సంగతి. తెర వెనుక ఉన్నది వేరు.

టీవీలో వేషం కావాలని మన ఊళ్ల నుంచి పోయే పిల్లలు ముందు బస్సు దిగి అడిగేది అమీర్‌పేట, పంజాగుట్ట దారి. అమీర్‌పేటలో సారథీ స్టూడియో, బంజారా హిల్స్‌లో అక్కినేని కట్టిన అన్నపూర్ణ స్టూడియో, పక్కనే జూనియర్ ఆర్టిస్టులు గదులు తీసుకుని ఉండే కృష్ణానగర్. గేటు దాకా ఎవరైనా పోవచ్చు. గేటు లోపలికి పోవడానికే మధ్యలో మనుషులు. వెనక దర్శకుడే కంటికి నచ్చిన వారిని పిలిచేవాడు. ఇప్పుడు నటులను ఎంపిక చేసేందుకే కాస్టింగ్ డైరెక్టర్లు ఉన్నారు. కింద కోఆర్డినేటర్లు, వారి కింద ఇంకా ఎవరెవరో. ఫోనులో ఫొటోలు పంపమనేది, పేరు రాయించుకోవడానికి ఇంత కట్టమనేది ఈ కింది వరసే. ఎవరు నిజమో ఎవరు దొంగో ఊరి నుంచి వచ్చిన పిల్లకు తెలిసేదెట్లా? పైగా పెద్ద సీరియళ్ల కథానాయికలు చాలామంది పొరుగు రాష్ట్రాల వారు. 2017 నుంచి 2023 దాకా ఇంటింటా చూసిన 'కార్తీకదీపం' దీపగా నటించిన ప్రేమీ విశ్వనాథ్‌ది కేరళ. ఆమె బాగా నటించారు, అందులో తప్పు పట్టేది లేదు. కాకపోతే ఇక్కడి పిల్లలకు మిగిలే వేషాలు అంత తక్కువ.

ఈ గొడవే 2018 ఏప్రిల్‌లో వీధిన పడింది. అంతకు ముందు టీవీలో పనిచేసిన నటి శ్రీరెడ్డి ఫిల్మ్ ఛాంబర్ ముందు అర్ధనగ్నంగా కూర్చున్నారు. వేషాల పేరుతో ఆడవాళ్లను వాడుకుంటున్నారని, తెలుగు పిల్లలకు అవకాశాలు ఇవ్వడం లేదని ఆమె ఆరోపణ. నటుల సంఘం ముందు ఆమెతో ఎవరూ నటించకూడదన్నది. జాతీయ మానవ హక్కుల సంఘం నోటీసు ఇచ్చాక ఆ మాట వెనక్కి తీసుకున్నది. ఆమె ఎంచుకున్న పద్ధతి నచ్చని వారు చాలామంది. అయితే ఆ రోజు నుంచి ఈ విషయం గుసగుసగా ఉండకుండా పోయింది.

2019 ఏప్రిల్‌లో తెలంగాణ ప్రభుత్వం ఒక కమిటీ వేసింది. సినీరంగం నుంచి అందులో ఝాన్సీ, దర్శకురాలు నందినీరెడ్డి, అన్నపూర్ణ స్టూడియో నిర్వహణ చూసే సుప్రియ యార్లగడ్డ ఉన్నారు. రోజూ వేషాలు ఇచ్చే వారితోనే కలిసి పనిచేస్తూ వారి రంగం మీదే విచారణలో కూర్చోవడం సులువు కాదు. అవకాశాలు తగ్గినా తగ్గవచ్చు. కమిటీ వాళ్ల నివేదిక 2022 జూన్‌లో ప్రభుత్వానికి చేరింది. అక్కడే ఉండిపోయింది. 2024 ఆగస్టులో కేరళలో హేమ కమిటీ నివేదిక వెలుగులోకి వచ్చి అక్కడి సినిమా రంగం ఊగిపోయినప్పుడు, ఇక్కడి నివేదికను కూడా బయటపెట్టమని నటి సమంత కోరారు. బాధలు చెప్పుకున్న వారి పేర్లు దాచి, మిగతాది అచ్చు వేయడానికి అడ్డేమిటో ఈ విలేకరికి అర్థం కాలేదు.

2024 సెప్టెంబరులో ఒక యువ నృత్య కళాకారిణి ఫిర్యాదు చేసినప్పుడు ఫిల్మ్ ఛాంబర్ ఫిర్యాదుల ప్యానెల్ తరఫున పత్రికల వారి ముందుకు వచ్చింది ఝాన్సీయే. ఇంటింటా తెలిసిన ముఖం కాబట్టి, ఆ మాట ఊళ్ల దాకా వినిపించింది.

మన వారు తెలుసుకోవలసిన సంగతి ఒకటి ఉంది. 2013లో వచ్చిన చట్టం ప్రకారం పది మంది, అంతకు మించి పనిచేసే ప్రతి చోటా ఆడవారి ఫిర్యాదులు వినే కమిటీ ఉండాలి. షూటింగులో రోజుకూలీకి పోయిన పిల్లకు కూడా ఇది వర్తిస్తుంది. పది మంది లేని చోటైతే, లేదా వేధించినవాడే యజమాని అయితే, జిల్లా స్థాయి స్థానిక కమిటీకి రాసుకోవాలి. ప్రతి మండలంలో ఇందుకు ఒక నోడల్ అధికారి ఉండాలని, కాగితం అందిన ఏడు రోజుల్లో దాన్ని జిల్లా కమిటీకి పంపాలని చట్టంలో ఉంది. జరిగిన మూడు నెలల లోపల రాసి ఇవ్వాలి. తగిన కారణం చూపితే మరో మూడు నెలల దాకా గడువు పెంచుతారు.